పూర్వదేవుల చుట్టరికములు

చీరాల దాపుననున్న వాడరేవు పేరులోనే ఓడ ఉన్నది. 'వాడ' అనగా ఓడయే. అదే తీరమున దక్షిణముగా పోయినచో మోటుపల్లి వచ్చును. సముద్ర వర్తకులకు అభయమిచ్చుచు కాకతీయ గణపతిదేవుడు 13వ శతాబ్దిలో శాసనము వేయించిన చోటు అది. అంతకు వేయేండ్లకు పైగా పూర్వమే, క్రీ. శ. 2వ శతాబ్దిలో, టాలమీ అను గ్రీకు భూగోళవేత్త కృష్ణానది కలియు ఈ సీమను 'మైసోలియా' అని పేర్కొనెను. గ్రీకులకు మన తీరము ఎరుకయే. అయితే తమ ఎదుటనున్న సముద్రమును వారు ఏ వరుస పెట్టి పిలిచిరి? మనవారు ఏ వరుస పెట్టి పిలుచుచున్నారు? చుట్టరికము కలుపుటలో తెలుగువారికి ఎవరును తీసిపోరు కనుక, ఈ ప్రశ్న మనము అడుగదగినదే.

గ్రీకు దేవతల వంశావళిని తొలుత వరుసగా చెప్పినవాడు హెసియడ్ అను కవి. క్రీస్తునకు పూర్వము సుమారు 700 సంవత్సరముల నాటివాడు. మొదట శూన్యము, పిమ్మట భూదేవి గయా. ఆమె తండ్రి ప్రమేయము లేకయే ఆకాశమును, పర్వతములను, కడలిని కనెను. ఆకాశము పేరు ఊరనోస్. అతడే పిదప ఆమెకు భర్త అయ్యెను. శ్రోతలు చెవులు మూసికొనవలదు; సృష్ట్యాదిని ఇంక సంబంధము వెదకుటకు ఎవరున్నారు? వారికి పుట్టినవారు పన్నెండుగురు టైటనులు: ఆరుగురు కొడుకులు, ఆరుగురు కూతుళ్ళు. అందు భూమిని చుట్టి పారు మహాజలమునకు అధిదేవత ఓకియానోస్, కడగొట్టువాడు క్రోనోస్. వీరు గాక ఒంటికన్ను వారు ముగ్గురు, నూరు చేతులవారు ముగ్గురు.

ఊరనోస్ బిడ్డలను వెలుగు చూడనీయక తల్లి గర్భమునందే అణచివేసెను. ఆ బాధ తాళలేక గయా ఒక కొడవలి చేయించి కొడుకులను పిలిచినది. ముందుకు వచ్చినవాడు క్రోనోస్ ఒక్కడే. తండ్రిని వికలాంగుని చేసి రాజ్యము గ్రహించెను. అక్క రియాను పెండ్లాడెను. (మేనరికము ఎరుగని దేవతలు వారు, ఇంటిలోనివారినే చేసికొందురు.) తన కొడుకు చేతిలో తనకును అదే గతి పట్టునని విని, పుట్టిన బిడ్డను పుట్టినట్లు మ్రింగసాగెను. హెస్టియా, డిమీటర్, హీరా, హేడిస్, పొసైడన్ — అయిదుగురు పోయిరి. ఆరవవాడు జ్యూస్. అతనిని క్రీటు ద్వీపమున దాచి, రియా ఒక రాతికి పొత్తిగుడ్డలు చుట్టి మగని చేతికిచ్చినది. కంసుని చెర నుండి బిడ్డను రేపల్లెకు దాటించిన కథ విని పెరిగిన మనకు ఇది క్రొత్తగా తోచదు. కాని అక్కడ మేనమామ, ఇక్కడ కన్నతండ్రి. ఆ భేదము చిన్నది కాదు.

జ్యూస్ పెద్దవాడై తండ్రిచేత బిడ్డలందరిని కక్కించెను. మొదట మ్రింగబడిన హెస్టియా కడపట వెలికి వచ్చినది. అందుచే ఆమె ఇంటికి పెద్ద కూతురును, చిన్న కూతురును ఆమెయే. గ్రీకులు ఆమెను పొయ్యి దేవతగా ఎంచి ఆరాధనలో మొదటి వంతు, చివరి వంతు కూడ ఆమెకు ఇచ్చెడివారు. మాకు ఈ కథలన్నిటిలో ఇదియే మిక్కిలి ఇంపైనది.

పిదప పది సంవత్సరముల యుద్ధము. ఓడిన టైటనులు పాతాళమున బంధింపబడిరి. ఓకియానోస్ మాత్రము ఈ తగవులకు ఎడముగానే ఉండెను. ఊరనోస్‌పై తక్కినవారు దాడి చేసినపుడు అతడు కలియలేదని అపొల్లోడోరస్ పేర నిలిచిన గ్రంథము చెప్పుచున్నది. క్రోనోస్ పతనకాలమున పసిదియైన హీరాను అతడును, భార్య తెథిస్‌ను తమ ఇంట పెంచిరని హోమరు. ఆస్తి పంపకముల పంచాయితీకి రాక, తల్లికి దూరమైన పిల్లలకు అన్నము పెట్టు పెద్దన్నలు మన పల్లెలలోను ఉందురు.

ఈ కథ గ్రీకుల సొంతము మాత్రము కాదు. నేటి తుర్కీ దేశమున, హిట్టయిట్ల రాజధాని శిథిలములలో దొరకిన మట్టిపలకలపై ఇట్టి కథయే ఉన్నది: ఆకాశదేవుడు అనును కుమర్బి పడద్రోయును, కుమర్బిని ఉరుముల దేవుడు పడద్రోయును. ఆ పలకలు హెసియడ్‌కు అయిదారు వందల ఏండ్లు పెద్దవి.

మన వైపు చూతము. ఊరనోస్, వరుణుడు ఒకే పేరని ఒకప్పుడు పండితులు నమ్మిరి. ఇప్పటి భాషావేత్తలు పెక్కురు 'వర్ష' శబ్దముతో దానిని ముడిపెట్టుదురు. సందేహము లేనిది జ్యూస్ పేరు: అది వేదములోని ద్యౌః. వింత యేమనగా, వేదమున ద్యౌః వెలుగు తగ్గిన వృద్ధపిత. గ్రీసులో ఆ పేరు సింహాసనమెక్కిన మనుమనిది.

టైటనులకు సాటి రాదగిన మాట మన అమరకోశమునందే ఉన్నది. అసురుల పేర్లలో 'పూర్వదేవులు' అనునది ఒకటి. దితి, అదితి అక్కచెల్లెండ్రు. కశ్యపుడు ఇరువురకును భర్త. సురాసురుల పోరు దాయాదుల పోరు. అక్కడ కొడుకు తండ్రిని కూల్చెను. ఇక్కడ సవతి బిడ్డలు పంపు కొరకు కలహించిరి. కలసి సముద్రము చిలికినదియు వీరే. అందు లక్ష్మి పుట్టినందున సముద్రుడు విష్ణువునకు మామగారు. లక్ష్మికి ముందు పుట్టినది జ్యేష్ఠ. ఆ పెద్దమ్మను ఎవరును ఇంటికి పిలువరు. మొదట పుట్టినవారికి మొదటి పీట దక్కునని ఏ పురాణమును హామీ ఇచ్చుట లేదు.

కోస్తా జాలరులకు సముద్రము మామగారు కాదు, తల్లి గంగమ్మ. ఊరి పొలిమేరను పోలేరమ్మ. ఆమె తోబుట్టువులు కలసి ఏడుగురు. వారి తమ్ముడు పోతురాజు. నెల్లూరు ప్రాంతపు ఆచారములు చూచి ఎల్మోర్ అను మిషనరీ 1915లో ప్రకటించిన గ్రంథమున ఈ ఏడుగురిలో పోలేరమ్మ, అంకమ్మ, ముత్యాలమ్మ, బంగారమ్మ, రేణుక మున్నగు పేర్లున్నవి. ఊరు మారిన పేర్లును మారును. ఈ తల్లులను క్షుద్రదేవతలనుట మాకు సమ్మతము కాదు. మసూచి ఇంటింట తిరిగిన దినములలో, వైద్యుడు రాని ఊళ్ళలో, తల్లులు బిడ్డలను వీరికే అప్పగించిరి. 1980లో ప్రపంచ ఆరోగ్య సంస్థ మసూచి నశించినదని ప్రకటించినది. పోలేరమ్మ గుడి మూతపడలేదు. జ్యూస్ వంశమును కంఠస్థము చేయు విద్యార్థి, తన ఊరి అక్కచెల్లెండ్ర పేర్లు వరుసగా చెప్పగల ముదుసలిని ఒక్కసారి అడిగి వ్రాసికొనవచ్చును.

పోతురాజు సంగతి ఒకటి మిగిలినది. తమిళదేశమున ద్రౌపదీదేవి గుడుల యెదుట ఆయన కావలి ఉండును. అక్కడి కథలో ఆయన పాండవుల చెల్లెలిని పెండ్లాడెను. అనగా ద్రౌపదికి ఆడపడుచు భర్త. తెలుగు వరుసల లెక్కలో ఆడపడుచు భర్త అన్నదమ్ముడే అగును. పొరుగుదేశమునకు పోయినను పోతురాజు వరుస తప్పలేదు.