అనుమతి ఉంది సరే, మమ్మల్ని అడిగారా?



గని కోసం వచ్చే కంపెనీలు రెండు మాటలు చెప్తాయి. ఒకటి, "ప్రభుత్వం అనుమతి ఇచ్చింది." రెండోది, "మీకు బడి కడతాం, ఆసుపత్రి కడతాం." ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల మండలి 2011లో ఆమోదించిన సూత్రాల ముందు ఈ రెండూ నిలబడవు. ప్రభుత్వం తన పని చేసినా చేయకపోయినా, మనుషుల హక్కులను గౌరవించే బాధ్యత కంపెనీది. హక్కులు కాలరాసి ఎంత దానం చేసినా లెక్క సరిపోదు.

మన పక్కనే ఒడిశాలో నియమగిరి ఉంది. డోంగ్రియా కోందులకు అది నియమరాజు కొలువున్న కొండ. అక్కడి బాక్సైట్ మీద లండన్ కంపెనీ వేదాంత కన్నేసింది. డోంగ్రియాలను సరిగ్గా సంప్రదించలేదని 2009లో బ్రిటన్ ప్రభుత్వ విభాగమే తప్పుపట్టింది. ఆ కొండ మీద వాళ్ల హక్కుల సంగతి గ్రామసభలే పరిశీలించాలని 2013లో సుప్రీంకోర్టు చెప్పింది. 12 ఊళ్లలో సభలు పెట్టారు. 12 ఊళ్లూ గని వద్దన్నాయి. 2014లో కేంద్రం అనుమతి నిరాకరించింది.

అయితే ఒకటి గుర్తుంచుకోండి. ఐరాస సూత్రాలు చట్టం కాదు, వాటితో కోర్టులో కంపెనీని శిక్షించలేం. మన చేతిలో ఉన్నవి పెసా, అటవీ హక్కుల చట్టం, 1997 నాటి సమతా తీర్పు. అవి కూడా గ్రామసభ గట్టిగా ఉంటేనే పనిచేస్తాయి.

చదువుకున్న మన పని ఇక్కడే ఉంది. తీర్మానాన్ని పెద్దవాళ్లకు మన భాషలో చదివి వినిపిద్దాం. రిజిస్టర్‌లో ఏం రాశారో చూద్దాం. ఖాళీ కాగితం మీద ఒక్క వేలిముద్ర కూడా పడనివ్వద్దు.

జోహార్!