ఇంజనీరింగ్ చదివి ఫ్రెంచ్ సాహిత్యం ప్రొఫెసర్ ఎట్టయ్యాడు?

ముత్తుకూరు నుంచి మళ్లీ వచ్చేశా.

పోయిన వారం ఒక తమ్ముడు మెసేజ్ పెట్టాడు. "అన్నా, బీటెక్ థర్డ్ ఇయర్. నాకు సాహిత్యం చదవాలనుంది. ఇంట్లో చెప్తే నాయన అన్నం ముందునుంచి లేచి వెళ్లిపోయాడు" అని. నాకు నవ్వు రాలేదు. మా ఊళ్లో బీటెక్ అయిందంటే అడిగేది ఒకటే: పోర్టులోనా, థర్మల్ ప్లాంట్‌లోనా, బెంగళూరా? నాలుగో ఆప్షన్ చెప్తే, "వీడికేమైందబ్బా?" అంటారు.

అందుకే ఈరోజు ఒక మనిషి గురించి చెప్తా. పేరు ఆంత్వాన్ కొంపాన్యోఁ. 1950లో బ్రస్సెల్స్‌లో పుట్టాడు. నాన్న ఫ్రెంచ్ సైన్యంలో జనరల్. మనకి ఐఐటీ ఎట్టాగో ఫ్రాన్స్‌లో ఎకోల్ పాలిటెక్నిక్ అట్టాగ. అందులో 1970లో చేరాడు. తర్వాత రోడ్లు, వంతెనల ఇంజనీరింగ్ స్కూల్లో 1975లో డిగ్రీ తీసుకున్నాడు.

గమనించండి, మధ్యలో మానెయ్యలేదు. ఒకవైపు ఇంజనీరింగ్, ఇంకోవైపు పారిస్‌లో రోలాఁ బార్త్ అనే పెద్ద విమర్శకుడి సెమినార్లు. డిగ్రీ చేతికొచ్చాక పరిశోధనకి ఫెలోషిప్ దొరికింది. 1979లో మొదటి పెద్ద పుస్తకం వచ్చింది. దేని మీదో తెలుసా? ఒకరు రాసిన మాటని ఇంకొకరు తెచ్చి తమ రాతలో ఎట్టా అతికిస్తారు అనే దాని మీద. మనం రోజూ చేసే కాపీ పేస్ట్ లేదూ, దాని వెనక ఉన్న కథన్నమాట!

తర్వాత, తను ఇంజనీరింగ్ చదివిన పాలిటెక్నిక్‌లోనే పాఠాలు చెప్పాడు. 1985లో అమెరికాలో కొలంబియా యూనివర్సిటీకి వెళ్లాడు. ప్రూస్త్ మీద, బోద్‌లేర్ మీద పుస్తకాలు రాశాడు. 2006లో కాలేజ్ ద ఫ్రాన్స్‌లో ఆధునిక ఫ్రెంచ్ సాహిత్యం ప్రొఫెసర్ అయ్యాడు. 1530లో మొదలైన ఆ సంస్థలో పరీక్షల్లేవు, డిగ్రీల్లేవు. ఎవరైనా వెళ్లి ఫ్రీగా పాఠం వినొచ్చు. ఆయన మొదటి లెక్చర్ పేరే "సాహిత్యం, దేనికి?" అని. సరిగ్గా ఆ తమ్ముడి నాయన అడిగిన ప్రశ్న!

2012 ఎండాకాలంలో ఆయన మాంతేన్ అనే పాత రచయిత గురించి రేడియోలో రోజూ కొన్ని నిమిషాలు మాట్లాడాడు. జనం బీచ్‌లో పడుకుని విన్నారు. తర్వాత అది పుస్తకంగా వస్తే విపరీతంగా అమ్ముడుపోయింది. 2022లో ఫ్రెంచ్ అకాడెమీకి ఎన్నికయ్యాడు.

ఇప్పుడు అసలు మాట. తమ్ముడూ, ఈ కథ విని రేపే కాలేజీ మానెయ్యొద్దు. పాలిటెక్నిక్‌లో ఫ్రెంచ్ విద్యార్థులకి ప్రభుత్వమే జీతం ఇస్తుంది. వెనక జనరల్ గారి ఇల్లు ఉంది. మన వెనక రొయ్యల గుంట మీద తెచ్చిన అప్పు ఉంటుంది. రెండూ ఒకటి కాదు.

ఆయన దగ్గర మనం తీసుకోవాల్సింది ధైర్యం కాదు, వరస. డిగ్రీ పూర్తి చేశాడు. చదువుతూనే ఇష్టమైంది మొదలుపెట్టాడు. డబ్బు దారి చూసుకున్నాకే మారాడు. నేనూ సాఫ్ట్‌వేర్ ఉద్యోగం వదిలే ముందు ఏడాది ఖర్చులు పక్కన పెట్టుకున్నా.

మనకీ దారులున్నాయి. హైదరాబాద్‌లో ఇఫ్లూ ఉంది, ఫ్రెంచ్‌లో ఎంఏ, పీహెచ్‌డీ చెయ్యొచ్చు. అలియాన్స్ ఫ్రాన్సేజ్‌లో అక్షరాల నుంచి నేర్పుతారు. యూజీసీ నెట్‌లో ఫ్రెంచ్ కూడా ఒక సబ్జెక్ట్. జేఆర్ఎఫ్ వస్తే మొదట్లో నెలకి 37,000 రూపాయలు. సీట్లు, పోస్టులు తక్కువే, అబద్ధం చెప్పను.

ముందు ఏ1 లెవెల్ పూర్తి చెయ్యి. ఆరు నెలలకి కూడా ఇష్టం తగ్గకపోతే, అప్పుడు నాయన పక్కన కూర్చుని, ఆయన అన్నం తిన్నాక, కాగితం మీద లెక్క రాసి చూపించు. "నాకిష్టం" అంటే వినని నాయన, లెక్క చూపిస్తే కనీసం లేచి వెళ్లడు.

మీ ఇంట్లో ఏమన్నారో కామెంట్‌లో రాయండి. వచ్చేవారం కలుద్దాం. ఉంటా మరి!