నూతి యొడ్డున నొక దినము
(సంఘ వార్షిక మహాసభయందు చేసిన యుపన్యాసము)

   

ఈ మహాసభలో ప్రతి సంవత్సరము విద్యను గూర్చియు, విద్యార్థి వేతనములను గూర్చియు, వివాహవ్యయములను గూర్చియు పెద్దలు ప్రసంగించుట వాడుక. నేను వారివలె పండితుడను గాను, వక్తను గాను. గడచిన శీతకాలమున అమెరికాలోని మా కుమార్తె యింటికి పోయి, అచ్చటినుండి వారితో గూడ మెక్సికో దేశమునందలి యుకటాన్ ద్వీపకల్పమునకు పోయి, మార్గదర్శకుని వెంట నొక్క దినము మాయా జాతివారి శిథిలనగరమును, అచ్చటి సహజములైన మడుగులను చూచి వచ్చితిని. ఆ ముచ్చట చెప్పుమని కార్యదర్శిగారు కోరిరి. ఒక్క దినపు యాత్రికుడు దేశమునంతయు నెఱిగినట్లు మాటలాడుట తగదు. కావున కన్నులార చూచినదియు, ఇంటికి వచ్చిన పిమ్మట చదివి తెలిసికొన్నదియు మాత్రమే మనవి చేసెదను.

ముందుగా నా దేశపు నేలను గూర్చి చెప్పవలెను. యుకటాన్ ఉత్తరభాగమున భూమిమీద పాఱు నది దాదాపు లేదు. నేలయంతయు సున్నపురాయి. వాన బాగుగనే కురియును గాని, నీరు పైన నిలువక రాతి పగుళ్ళగుండ లోనికి దిగిపోవును. ఆ నీరు రాతిని కొంచెము కొంచెముగా కరగించుటచేత భూగర్భమున గుహలును, సొరంగములును ఏర్పడినవి. ఎచ్చటనైన గుహయొక్క పైకప్పు కూలినచో క్రిందినీరు బయలుపడును. దానినే 'సెనోటే' యందురు. మాయాభాషలోని 'త్సొనోట్' అను మాటను స్పానిషువారు పలికిన రూపమిది. ఇట్టివి వేలకొలది యున్నవి. 6 కోట్ల 60 లక్షల యేండ్ల క్రిందట నొక గొప్ప ఉల్క యచ్చట పడెననియు, దానివలననే రాక్షసబల్లులు నశించెననియు శాస్త్రజ్ఞులు చెప్పుదురు. ఆ గోతి యంచు వెంబడి సెనోటేలు వలయాకారముగా వరుసదీరి యున్నవి.

నది లేని దేశమున ఊరు నిలువవలెనన్న నీటి గుంటయే దిక్కు. మేము చూచిన నగరము పేరు చిచెన్ ఇట్జా. 'ఇట్జావారి నూతి నోరు' అని దాని యర్థము.

మేము వల్లడోలిడ్ అను పట్టణమున బసచేసి, తెల్లవాఱగనే యొక చిన్న మోటారుబండిలో పదిమందిమి బయలుదేరితిమి. మార్గదర్శకుడు నలువదేండ్లవాడు, పొట్టివాడు, మితభాషి. త్రోవలో నేను, చదువుకొన్నవాడనను గర్వముతో, "ఈ నగరములు కట్టిన మాయావా రెప్పుడు నశించిరి?" అని యడిగితిని. అతడు జవాబు చెప్పలేదు. కొంతసేపటికి టెలిఫోనులో నెవరితోడనో మాటలాడెను. అది స్పానిషు గాదు, ఇంగ్లీషు గాదు. గొంతులో నాగి యాగి వెలువడు భాష. పిమ్మట నా వైపు తిరిగి, "అయ్యా, ఇప్పుడు నేను మాటలాడినది మాయాభాష. మా యమ్మకు వేఱు భాష సరిగా రాదు. మధ్యాహ్నము భోజనమునకు వచ్చెదవా యని యడుగుచున్నది" అనెను. బండిలోని వారందఱు నవ్విరి. నాకు సిగ్గు కలిగెను. 2020 సంవత్సరపు జనాభా లెక్కనుబట్టి మెక్సికోలో నీ భాష మాటలాడువారు ఏడు లక్షలకు పైగా నున్నారు.

నగరములోనికి పోవు దారి కిరుప్రక్కల నంగళ్ళు. చెక్కబొమ్మలు, నేత దుప్పట్లు, పులివలె గాండ్రించు ఈలలు అమ్ముచుందురు. ఆ యమ్మువారిలో పెక్కుమంది మాయావారే. అది దాటగానే పచ్చిక బయలు నడుమ కుకుల్కాన్ అను ఈకల సర్పదేవత యాలయము కానవచ్చును. ఎత్తు సుమారు 30 మీటర్లు. నాలుగు దిక్కుల నాలుగు సోపానపంక్తులు, ఒక్కొక్కదానికి 91 మెట్లు, పైనున్న వేదికతో కలిపి 365. కట్టడమే పంచాంగమన్నమాట. విషువద్దినములలో సాయంకాలపు టెండ పడినప్పుడు మెట్ల ప్రక్కగోడపై నీడలు సర్పము దిగివచ్చుచున్నట్లు కనబడును. మెట్లయెదుట నిలిచి చప్పట్లు చఱచినచో ప్రతిధ్వని పక్షికూతవలె వినబడును. మా మనుమడు పదిసారులు చఱచి చూచెను. పైకెక్కుట కిప్పుడు అనుమతి లేదు. ఈ యాలయము లోపల నొక చిన్న యాలయమును, దాని లోపల మఱియొకటియు నున్నవి. వీని క్రిందను నొక సెనోటే యున్నట్లు 2015లో భూభౌతిక పరీక్షలు సూచించినవి. పెద్దల కట్టడమును పడగొట్టక దానినే గర్భమున నుంచుకొని క్రొత్తదానిని కట్టుట నాకు మిక్కిలి నచ్చెను.

బంతియాట మైదానము 168 మీటర్ల పొడవు, 70 మీటర్ల వెడల్పు గలది. గోడపై ఆఱు మీటర్ల యెత్తున రాతివలయము లున్నవి. 'కరకోల్' అను గుండ్రని కట్టడముయొక్క గవాక్షములనుండి వారు శుక్రగ్రహమును కనిపెట్టుచుండిరని విద్వాంసుల యభిప్రాయము. శుక్రుని యొక యావృత్తికి 584 దినములని వారు గణించిరి. చుక్కను ఒకటికిని, అడ్డగీతను ఐదింటికిని, గవ్వవంటి గుర్తును సున్నకును వాడిరి. సున్న మన దేశమున పుట్టినదని మనము గర్వింతుము. అది తగినదే. కాని మనతో నేవిధమైన సంబంధమును లేక, సముద్రముల కావల నీ జాతివారును సున్నను తమంతట తాము కనుగొనిరి.

అచ్చటినుండి సుమారు 300 మీటర్ల తెల్లని రాతిబాట యొకటి పవిత్ర సెనోటేకు పోవును. ఇది 60 మీటర్ల వెడల్పుగల గుండ్రని గొయ్యి. నిట్టనిలువు గోడలు, చాల లోతున పచ్చని నీరు. ఇది త్రాగుటకు గాక దేవతకు కానుకలిచ్చుట కేర్పడినది. 1904 మొదలు ఎడ్వర్డు థాంప్సన్ అను అమెరికా దొర దీనిని దేవించి బంగారము, జేడురాళ్ళు, సాంబ్రాణివంటి ధూపద్రవ్యము, మనుష్యుల యెముకలు పైకి తీసెను. వానిలో పెక్కువస్తువులు హార్వర్డు విశ్వవిద్యాలయపు వస్తుప్రదర్శనశాలకు చేరెను. కొన్ని మాత్రము 1970లో తిరిగి మెక్సికోకు వచ్చినవి. ఇందు కన్యలనే పడవేసెడివారను కథ లోకమున వ్యాపించెను గాని, ఎముకలు పరీక్షింపగా పిల్లలును, స్త్రీలును, పురుషులును ఉండిరని తేలినది. ఈ మడుగునకు చేరువనే యొక రాతి తొట్టిలో 1967లో దొరకిన 64 మంది బాలుర యెముకలను పరీక్షించిన ఫలితము 2024లో ప్రకటింపబడెను. ఆ బాలుర రక్తసంబంధము ఆ ప్రాంతమున నేడున్న మాయా ప్రజలతో కలిసినది. బలియన్న మాటకు మన మనస్సు కలత చెందును. చెందవలసినదే. కాని "వా రెప్పుడు నశించిరి" అను నా ప్రశ్నకు ఆ యెముకలే యుత్తరము చెప్పినవి.

ఇంకొక సంగతి నా మనస్సును మిక్కిలి నొప్పించెను. మాయావారికి లిపి యుండెను. చెట్టుపట్టతో చేసిన కాగితముపై వ్రాసి మడతలుగా నుంచిన గ్రంథము లుండెను. 1562లో మనీ అను గ్రామమున డీయేగో దె లాండా అను క్రైస్తవ సన్యాసి అవి పిశాచకార్యములని తలచి వానిని కుప్పవేసి తగులబెట్టించెను. నేడు లోకమంతటను మిగిలినవి నాలుగే నాలుగు గ్రంథములు. చిత్రమేమనగా, ఆ లాండాయే కొలది సంవత్సరముల పిమ్మట ఆ జాతి యాచారములను గూర్చి యొక గ్రంథము వ్రాసెను. అందు వారి యక్షరములని తలచి కొన్ని గుర్తులు పొందుపఱచెను. ఆ గ్రంథపు ప్రతి యొకటి 19వ శతాబ్దమున బయటపడెను. 1952లో యూరీ క్నోరోజోవ్ అను రష్యను పండితుడు ఆ గుర్తుల సాయముననే మాయాలిపిని చదువు మార్గమును కనుగొనెను. తమ పుస్తకములు కాల్చినవాని పుస్తకమునే ప్రమాణముగా గొని తమ పూర్వులను తెలిసికొనవలసిన గతి యా జాతికి పట్టినది.

తిరిగి వచ్చునప్పుడు మార్గదర్శకుడు వల్లడోలిడ్ ప్రాంతపు మఱియొక చరిత్ర చెప్పెను. భూములు పోయి, పన్నుల భారము పెరిగి, విసిగిన మాయా ప్రజలు 1847లో తిరుగబడిరి. ఆ పోరాటము 1901 వఱకు సాగెను. దొరలు దానికి పెట్టిన పేరు 'కులయుద్ధము'. మనవారి విషయమున తెల్లవారు వాడిన 'కాస్ట్' అను మాటకు మూలమైన 'కాస్టా' యను పదమే యిందును గలదు. భూమికొఱకును, పన్నులనుండి విముక్తికొఱకును జరిగిన పోరునకు కులము పేరు పెట్టినచో అన్యాయము మఱుగున పడునని అతని వాదము. 2021లో మెక్సికో ప్రభుత్వము మాయా ప్రజలకు బహిరంగముగా క్షమాపణ చెప్పెను.

మధ్యాహ్నము ఎండ తీవ్రముగా నుండగా ఒక పల్లెవారు నడుపుచున్న సెనోటేకు స్నానమునకు పోయితిమి. ద్వారమున నొక నడివయస్సు స్త్రీ కూర్చుండి యుండెను. ఆమె నా తల చూచి చేయి యడ్డముగా చాచెను. నేను వాడుకప్రకారము ఆ యుదయమున తలకు కొబ్బరినూనె రాచుకొని యుంటిని. నూనెలు, ఎండకు పూసికొను లేపనములు కడిగికొనకుండ ఎవ్వరును నీటిలోనికి దిగరాదట. నాకు కొంచెము కోపము వచ్చెను. గోదావరిలోను, కృష్ణలోను ఇన్నిమార్లు మునిగితిని గదా, నా తలనూనెచేత ఏ నీరు చెడినదని మనస్సులో ననుకొంటిని. మార్గదర్శకుడు ఆమె మాటను నాకు తర్జుమా చేసెను: "మీ నది మురికిని సముద్రమునకు మోసికొని పోవును. మా నీ రెచ్చటికి పోవును? ఈ నీరే మా బావిలో నుండును. నా మనుమలు త్రాగుదురు."

నేను మాఱుమాట లేక జల్లుక్రింద నిలిచి ముమ్మాఱు తల రుద్దుకొంటిని. ఆమె వంగి చూచి తల యూపిన పిమ్మట కొయ్యమెట్లు దిగితిని. ఆ లోపలి శోభను నేను వర్ణింపజాలను. పైన గుండ్రని రంధ్రమునుండి ఎండ స్తంభమువలె నీటిలో దిగుచుండెను. మఱ్ఱిజాతి చెట్ల వేళ్ళు త్రాళ్ళవలె వ్రేలాడుచుండెను. తోకచివర రెండు ఈకలు గల 'తోహ్' అను నీలిపక్షి గోడలోని బొఱియలోనికి ఎగిరిపోయెను. నీరు చల్లన; అడుగున రాళ్ళు లెక్కింపవచ్చును. చిన్నచేపలు కాళ్ళను తాకుచుండెను. వృద్ధుడనై యుండియు ఒక గంటసేపు ఒడ్డునకు రాలేదు.

ఆ స్త్రీ మాట యెంత సత్యమో పిమ్మట చదువగా తెలిసినది. ఈ మడుగులు పెక్కింటికి లోలోపల సంబంధము గలదు. తూర్పుతీరమున రెండు గుహామార్గములు కలిసియున్నట్లు 2018లో తేలగా, నీటితో నిండిన ఆ యొక్క సొరంగపు పొడవు 340 కిలోమీటర్లు మించినది. ఒకచోట పడిన మురికి ఎన్నడో వేఱొకచోట పైకి వచ్చును. పట్టణముల మురుగు, పందుల పెంపకశాలల వ్యర్థము, యాత్రికుల రద్దీ, రైలుమార్గముకొఱకు గుహల పైకప్పులగుండ దింపిన ఇనుపస్తంభములు, ఇవన్నియు ఈ నీటికి వచ్చిన కష్టములు.

హోమున్ అను గ్రామమువారి కథతో ముగించెదను. వారికి సెనోటేలే జీవనము. అచ్చట 49,000 పందులను పెంచు శాల యొకటి వెలసెను. గ్రామస్థులు 'సెనోటేల కావలివారు' అను నర్థమిచ్చు పేరుతో నొక సంఘముగా నేర్పడిరి. 2018లో ఆ గ్రామపు పిల్లల పేర న్యాయస్థానమున వ్యాజ్యము వేసి, ఆ శాల పనిని నిలుపు చేయించిరి. 2021లో మెక్సికో సర్వోన్నత న్యాయస్థానము ఆ నిలుపుదలను స్థిరపఱచెను. ఈ నీటిపై మాకు మీకంటె నెక్కువ కాలము పని గలదని చెప్పుటకు పిల్లలకంటె తగినవా రెవరు?

మహాజనులారా! మనమును ఒక సంఘముగా నేర్పడినవారము. సంఘమనగా సంవత్సరమున కొకమాఱు కలిసి విందారగించుట మాత్రము గాదని మీ రెఱుగుదురు. ఈ యాత్రనుండి నేను తెచ్చుకొన్నవి రెండే మాటలు. మన వృద్ధులకు జ్ఞప్తిలో నున్న చరిత్రను వారు జీవించియుండగనే వ్రాసి పెట్టుకొనవలెను. ఏలయన, ఆ పని మనము చేయనిచో మఱియొకరు తమ కిష్టమైనట్లు వ్రాయుదురు. రాబోవు సంచికలలో ఇందులకు కొన్ని పుటలు కేటాయింపుడని కార్యవర్గమును వేడుకొనుచున్నాను. రెండవది, మన గ్రామములలో పూడిపోవుచున్న బావుల విషయము. ఆ ద్వారమున కూర్చున్న స్త్రీవలె తలచూచి చేయి యడ్డముగా చాచువారు మన యూరిబావికి ఒక్కరైనను ఉన్నారా యని ఎవరికి వారు విచారించుకొందురు గాక.