మందు ఆగిన మనిషి, భయపడే వీధి

ఏళ్ళ తరబడి రోజూ తాగే మనిషికి ఉన్నట్టుండి మందు ఆగిపోతే చేతులు వణుకుతాయి, నిద్ర పట్టదు. కొందరికి రెండు మూడు రోజుల్లో మతి తప్పుతుంది. గోడల మీద లేని పురుగులు కనిపిస్తాయి, ఎవరో చంపడానికి వస్తున్నారంటారు. వైద్యం అందకపోతే ప్రాణం పోవచ్చు. 2020 మార్చిలో లాక్‌డౌన్ పడి కల్లు దుకాణాలు, మద్యం దుకాణాలు మూతపడగానే ఇలాంటివాళ్ళను హైదరాబాదులోని ఎర్రగడ్డ మానసిక వైద్యశాలకు వరసగా తీసుకొచ్చారు. కల్తీ కల్లులో కలిపే ఆల్ప్రజోలామ్, డైజిపామ్ లాంటి మత్తుమందులు ఒక్కసారిగా ఆగినా ఇదే అవస్థ.

ఆ భయం పుట్టేది మెదడులోనే. దానికి మనుషుల ముఖాలు తగిలించేది మాత్రం ఇరుగుపొరుగు. 2018 మేలో పిల్లల్ని ఎత్తుకుపోయే ముఠాలు దిగాయని వాట్సాప్‌లో పుకార్లు వచ్చాయి. తెలుగు పల్లెలు కర్రలు పట్టి రాత్రంతా కాపలా కాశాయి. వింతగా తిరుగుతున్న కొత్తవాళ్ళను చావబాదారు. జూలై 1న మనం ఉంటున్న మహారాష్ట్రలోనే, ధుళే జిల్లా రాయిన్‌పాడాలో, ఐదుగురు సంచార జాతివాళ్ళను కొట్టి చంపారు. అలాంటి రాత్రి మత్తు దిగుతున్న మనిషి వీధిలోకి వచ్చి ‘నన్ను తరుముతున్నారు’ అంటే, అది ఒట్టి భ్రమ అని నేను అనలేను.

ఇంట్లో జరిగేది ఇంకా బాధాకరం. తాగుడు మాన్పించాలని కూరలోనో మజ్జిగలోనో చెప్పకుండా మాత్ర పొడి కలుపుతారు. అది డైసల్ఫిరామ్ అయితే, దాని మీద తాగినవాడికి వాంతులు, గుండెదడ, ఒక్కోసారి ప్రాణాపాయం. బతికి బయటపడ్డాక ‘నా అన్నంలో ఏదో కలుపుతున్నారు’ అంటాడు. నిజమే కదా! ఆ తర్వాత భార్య పెట్టిన ముద్ద నోట పెట్టడు, డాక్టరిచ్చిన మందూ మింగడు.

భయానికి చట్టమూ కారణం కావచ్చు. 2015 ఏప్రిల్ నుంచి 2021 వరకు మన చంద్రపూర్ జిల్లాలో మద్యనిషేధం ఉండేది. నిషేధం మంచిచెడ్డల జోలికి నేను పోను. కేసు పెడతారనే భయంతో జబ్బును దాచుకునే మనిషి వైద్యుడి దగ్గరికి ఆలస్యంగా వస్తాడని మాత్రం చెబుతాను. ఊరు భయపడి వెలివేసిన కుష్ఠురోగుల కోసం బాబా ఆమ్టే 1949లో మహారోగి సేవా సమితిని స్థాపించింది ఇదే జిల్లాలోని మన వరోరాలోనే. ఇక్కడివాళ్ళకు వెలి అంటే ఏమిటో నేను విడమరచనక్కర్లేదు.

మీ వీధిలో ఎవరైనా అలా వణుకుతూ కనిపిస్తే చుట్టూ మూగకండి, ఫోనుతో వీడియో తీయకండి. అతనికి తెలిసిన ఒక్కరే ఎదురుగా కూర్చుని, పేరు పెట్టి పిలిచి, నెమ్మదిగా మాట్లాడండి. వాదించకండి, గదిలో పెట్టి గొళ్ళెం వేయకండి. ఆసుపత్రికైతే ఆసుపత్రికనే చెప్పి తీసుకెళ్ళండి. సలహాకు ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయ ఫోను టెలి మానస్ 14416 ఉంది, తెలుగులోనూ మాట్లాడతారు. మూర్ఛ వచ్చినా, మతి తప్పినా తెల్లారేదాకా ఆగకండి, 108కి ఫోన్ చేయండి.