చంద్రిక ముందు ఒక్క నిమిషం

1924లో ఫ్రెంచి చిత్రకారుడు ఫెర్నాండ్ లెజే, డడ్లీ మర్ఫీతో కలిసి ‘బాలే మెకానిక్’ అనే సినిమా తీశారు. అందులో కథే లేదు. గిన్నెల మూతలు, సీసాలు తెర నిండా కదులుతుంటాయి. రోజూ తోమి బోర్లించే సామానులో ఎంత అందముందో!

మన బి. నర్సింగరావు గారి ‘దాసి’ కథాచిత్రమే అయినా, దొర గడీలో ఇంటిపనిని ఓపికగా చూపించింది. ఛాయాగ్రహణానికి ఎ.కె. బీర్ గారికి జాతీయ పురస్కారం వచ్చింది.

అలా కెమెరాతో చూడదగ్గ పని మన దగ్గరా ఉంది. బైరెడ్డిపల్లె వైపు పట్టు రైతుల ఇళ్లలో పట్టుపురుగులు గూళ్లు కట్టుకునే చంద్రికలుంటాయి కదా. పురుగు తలను ఎనిమిది అంకెలా తిప్పుతూ దారం వదులుతుంది. మొదట్లో పలచటి పొర, లోపల పురుగు కనబడుతూనే ఉంటుంది. రెండు మూడు రోజుల్లో గూడు పూర్తవుతుంది. దీన్ని ఫోను కదలనివ్వకుండా, పాట కలపకుండా ఒక్క నిమిషం వీడియో తీయండి. ఇంట్లో పిల్లలకు చూపించండి.