లంగా బొందు

ఇంటిలో అందరికిని అవసరమై, ఎవరును ప్రత్యేకముగా తలచుకొనని వస్తువులలో బొందు ఒకటి. లంగాకును, పైజమాకును అదియే ఆధారము. తెలంగాణమున దీనిని నాడా అందురు. పూర్వులు మాత్రము నడుము ముడిని ఇంత చులకనగా చూడలేదు. సంస్కృతమున దానికి నీవి అని పేరు, తెలుగున పోకముడి. అమరకోశమున నీవి అను మాటకు స్త్రీల కటివస్త్రపు ముడి అనియు, వర్తకుని మూలధనమనియు రెండర్థములు కలవు. ఏది జారినను పరువు దక్కదని కాబోలు!

ఉతికి ఆరవేసిన లంగాను తీసి చూడగా, బొందు కొన ఒకటి మడతలోనికి దూరిపోయి ఉండుట మనమందరము ఎరిగినదే. తప్పు ఉతికినవారిది కాదు, బొందు పొట్టిది. నడుము కొలత 30 అంగుళములే కావచ్చును. కాని కుచ్చులు విప్పి పరచినపుడు లంగా పై అంచు 40 అంగుళములైనను ఉండును. నడుమునకు సరిపడ మాత్రమే కత్తిరించిన బొందు, గుడ్డ సాగినపుడెల్ల లోపలికి పోక తప్పదు. పరచిన అంచు కొలతకు ఇరువైపుల 12 అంగుళముల చొప్పున చేర్చి, 64 అంగుళముల బొందు తీసికొనవలెను. మడత మూతికి సరిగా ఎదుటివైపున, మడతను బొందును కలిపి నాలుగు కుట్లు వేసినచో అది మరి ఎటును పోదు. ఈ నాలుగు కుట్లు దర్జీ వేయునని ఎదురుచూడక, మనమే వేసికొనుట మంచిది.

పోయిన కొన మూతికి దగ్గరలోనే ఉన్నచో బొందునంతయు లాగివేయనక్కరలేదు. వ్రేళ్ళతో తడిమి, కొనను గుడ్డమీదుగనే పట్టుకొని, మడతను కుచ్చులుగా వెనుకకు త్రోయుచు పోయినచో బయటికి వచ్చును. చీకిన బొందును మార్చునపుడు పాతదానిని ముందే లాగి పారవేయుట తొందరపాటు. దాని కొనపై క్రొత్త బొందును అంగుళము మేర పరచి, సూదితో నాలుగైదు కుట్లు వేసి, రెండవ కొనను మెల్లగా లాగినచో పాతదే క్రొత్తదానికి దారి చూపును. ముడి వేయరాదు; అది లోపల తట్టుకొనును. బొందు నడుమ తెగినదా, పిన్నీసే శరణ్యము. పెద్ద పిన్నీసును కొనకు గ్రుచ్చి, దాని తలభాగము ముందుండునట్లు పోనీయవలెను. చిన్నది వ్రేళ్ళకు అందదు.

నూలు బొందును ఎక్కించుటకు ముందు ఒకమారు నీట నానవేసి ఆరబెట్టుట మేలు. ముడుచుకొనునది ముందే ముడుచుకొనును. రంగు వదలునదైనచో తెల్ల లంగాను చెరుపక బకెట్టులోనే వదలును.

ఇక ఎట్టి బొందు ఎక్కించవలెనన్నది అసలు మాట. బజారులో దొరకు సన్నని గుండ్రని త్రాడు మడతలో సులభముగా పోవును గనుక చాలమంది దానినే కొందురు. మాకది సమ్మతము కాదు. ఆరు గజముల చీర, దాని కుచ్చిళ్ళు, అన్నియు ఆ త్రాడుమీదనే వ్రేలాడును. నునుపైన కృత్రిమపు దారమైనచో ముడి జారును. జారునను భయమున మరింత బిగింతుము. పావు అంగుళపు త్రాడు పడుచోట అంగుళము వెడల్పు పట్టీ పడినచో ఒత్తిడి నాలుగవ వంతు మాత్రమే. సన్నని త్రాడు, చెమట, దుమ్ము, ఏండ్ల తరబడి ఒకేచోట రాపిడి - వీనివలన నడుముచుట్టును నల్లని చార, దురద, ఒక్కొక్కరికి పుండు.

దీనిని తేలికగా తీసికొనరాదు. 1945లోనే ఖనోల్కర్, సూర్యాబాయి అను శాస్త్రజ్ఞులు ధోవతి కట్టువారికి నడుముపై వచ్చు ఒక క్యాన్సరును గూర్చి వ్రాసిరి. 2024లో వార్ధా, బీహారు వైద్యులు 70 ఏండ్లకు అటునిటుగా ఉన్న ఇద్దరు స్త్రీల వృత్తాంతమును ప్రచురించిరి. ఒకరు లంగా బొందును, మరియొకరు లంగా లేకయే చీరను నడుమునకు బిగించి కట్టెడివారు. ఇద్దరికిని మానని పుండు క్యాన్సరుగా తేలినది. ఇది మిక్కిలి అరుదు. ప్రతి చారను చూచి భయపడనక్కరలేదు. కాని నడుముపై పుండు కొన్ని వారములలో మానకున్నచో పసుపు అద్ది ఊరకొనక వైద్యునకు చూపవలెను.

వెడల్పు బొందు కొననక్కరలేదు. మెత్తబడిన పాత నూలు చీరనుండి 4 అంగుళముల వెడల్పున పట్టీ తీసి, అంచులు రెండును లోపలికి మడిచి, మరల సగమునకు మడిచి కుట్టినచో అంగుళపు బొందు సిద్ధము. లంగా మడత ఇరుకైనచో ఇది లోపల ముడుతలు పడి మరల త్రాడే అగును. కావున మడతను అంగుళమున్నర వెడల్పునకు విప్పి కుట్టుకొనవలెను. ఇంటిలో ఉన్నంతసేపు ముడిని రెండు వ్రేళ్ళు దూరునంత వదులుగా ఉంచవచ్చును.

ఇంటిలో పెద్దవారి లంగాలతో ఈ పని ఆరంభించుట మంచిది. వారి చర్మము పలుచన. నడుము ఒరసికొనుచున్నదని వారు నోరు తెరచి చెప్పరు.