బదులు తెచ్చిన పంచదార



"నువ్వు చెప్పినట్టే రాశానమ్మా, తప్పు పడింది" అంటూ ఏడో తరగతి చదివే మా అమ్మాయి ఒకనాటి సాయంత్రం లెక్కల పుస్తకం తెచ్చి నా ముందు పెట్టింది. -1/2, -3/4, ఈ రెండింటిలో ఏది పెద్దది అన్నది ప్రశ్న. అరకంటే ముప్పావు పెద్దది గదా అని, -3/4 అని చెప్పింది నేనే! పిల్ల కళ్ళల్లో నీళ్ళు చూసి నాకు తల కొట్టేసినట్టయింది. "నాకు లెక్కలు రావే తల్లీ" అని తప్పుకుందామనుకున్నాను. కానీ రేపు అదీ ఆ మాటే నేర్చుకుంటుందని భయం వేసింది. అంచేత ఇద్దరం కూర్చుని పాఠం మొదటినుంచీ చదివాం.

పైన లవం, కింద హారం రెండూ పూర్ణసంఖ్యలుగా, హారం సున్న కాకుండా రాయగలిగితే అది అకరణీయ సంఖ్య. సున్నకంటే ఎక్కువైతే ధన, తక్కువైతే ఋణ. సున్న ఈ రెండింటిలోనూ చేరదు. క్రీ.శ. 628లో బ్రహ్మగుప్తుడు బ్రాహ్మస్ఫుటసిద్ధాంతంలో ఈ ధనం, ఋణం అనే మాటలతోనే సూత్రాలు చెప్పాడు. ధనమంటే ఉన్న సొమ్ము, ఋణమంటే అప్పు. అప్పు సంగతి మనకు ఒకరు చెప్పాలా!

పంచదార డబ్బా ఖాళీ అయిందనుకోండి. అది సున్న. పక్కింటి పిన్నిగారి దగ్గర అరగ్లాసు బదులు తెచ్చి వాడేస్తే మన లెక్క -1/2. ముప్పావు గ్లాసు తెచ్చి వాడేస్తే -3/4. ఎవరి పరిస్థితి మెరుగు? అరగ్లాసు బాకీ ఉన్నావిడదే గదా! కాబట్టి -1/2 పెద్దది. సంఖ్యారేఖ గీసి చూసినా అంతే. కుడివైపు ఉన్నదే పెద్దది. సున్నకు ఎడమగా ఎంత దూరం జరిగితే అంత చిన్నది.

"మరి -3/-5 సంగతేమిటమ్మా? రెండు మైనస్సులున్నాయి, ఇంకా పెద్ద అప్పా?" అంది అమ్మాయి. ఐదు రూపాయల అప్పులో మూడు రూపాయల అప్పు ఎంత భాగం? ఐదింట మూడు వంతులు. ఆ భాగం అప్పు కాదు, వట్టి 3/5. కనుక పైనా కిందా ఒకే గుర్తు ఉంటే ధనం. ఒక్కచోటే మైనస్ ఉంటే, పైన ఉన్నా కింద ఉన్నా, ఋణం.

మర్నాడు అమ్మాయి ఈ పంచదార లెక్కే స్నేహితురాలికి చెప్పిందట.

పాలపద్దు, చాకలిపద్దు, చీటీ బాకీలు పైసల్తో సహా చూసే మనం పిల్లల ముందు "లెక్కలు రావు" అనకూడదు. తెలియకపోతే "పద, కలిసి చూద్దాం" అందాం. తప్పు చెప్పినా, దిద్దుకోవటం పిల్లలు మన దగ్గరే నేర్చుకుంటారు.